రేపటి మాటకు చోటు

గొంతులోని కణితితో పాటు స్వరపేటికను కూడా తీసేయక తప్పదని డాక్టరు చెప్పినప్పుడు, మా అక్క అడిగిన మొదటి ప్రశ్న ప్రాణం గురించి కాదు.

"మరి నా స్టూడెంట్లని ఎవరు తిడతారండీ?" అంది.

నవ్వాలో వద్దో తెలియక డాక్టరు మా బావ వైపు చూశాడు. బావ కిటికీ వైపు చూశాడు. నేను అక్క వైపు చూశాను. ఆమె నిజంగానే జవాబు కోసం ఎదురుచూస్తోంది.

ప్రాణానికి ఢోకా లేదని డాక్టరు అన్నాడు. శ్వాస ఇకపై మెడ దగ్గర చేసే రంధ్రంలోంచి సాగుతుంది. మాట మాత్రం ఉండదు. అందుకు బదులుగా ఫోనులో టైపు చేసినదాన్ని పైకి చదివే ఏర్పాటు ఒకటి ఉందంటూ తన ఫోను తీసి వినిపించాడు. శుభ్రమైన, తడి లేని ఒక ఆడగొంతు "నమస్కారం. నాకు మంచినీళ్లు కావాలి" అంది.

అక్క చివరిదాకా విని, "ఎవరండీ ఈవిడ?" అని అడిగింది.

"ఎవరూ కాదమ్మా. మిషను."

"ఈవిడ నా పక్కన కూర్చుని 'దయచేసి బ్రేకు వేయండి' అంటే స్టూడెంటు సంగతి దేవుడెరుగు, నేనే కారు దిగి పారిపోతాను."

అప్పుడు డాక్టరు ఇంకో దారి చెప్పాడు. ఆపరేషన్‌కు ఇంకా రెండు వారాల గడువుంది. ఈలోగా ఆమె గొంతును తగినంత రికార్డు చేసి పెడితే, ఆ ముక్కలను ఏరి అతికించి, ఆమె గొంతుతోనే కొత్త వాక్యాలు పలికే సాఫ్టువేరు ఉంది. అయితే గొంతు ఇప్పటికే అలసిపోతోంది. ఉదయం పూట ఒక గంట, అంతకు మించి మాట్లాడించకూడదు.

మా అక్క సొంత డ్రైవింగు స్కూలులో కారు నడపడం నేర్పుతుంది. పక్కసీటు కింద రెండో బ్రేకు, రెండో క్లచ్ ఉన్న పాత కారు ఆమెది. ఆ బ్రేకును ఆమె వాడగా చూసినవాళ్లు తక్కువ. కారును ఆపేది ఆమె కాలు కాదని, గొంతేనని నేర్చుకున్నవాళ్లంతా చెబుతారు. ఆపరేషన్ తర్వాత మళ్లీ ఆ పక్కసీట్లో కూర్చోవాలి, తన గొంతుతోనే నేర్పాలి. అంతకు మించి ఆమె ఏమీ కోరలేదు. అంతకు తక్కువ దేనికీ ఒప్పుకోలేదు.

"మాటల పని నీదే కదే," అని ఆ భారం నా మీద పెట్టింది. నేను నిఘంటు కార్యాలయంలో పని చేస్తాను. భారంగా అనిపించలేదు. నాకు తెలిసిన పనేనని అనుకున్నాను.

నా ఆలోచన సూటిగా ఉంది. భాష అంటే మాటలు, వాటిని కలిపే నియమాలు. కార్యాలయంలో నా బల్ల మీద మాటలకు ఒక లావుపాటి పుస్తకం, నియమాలకు ఒక సన్నపాటి పుస్తకం ఉంటాయి. రెండింటి మధ్య నా కళ్లజోడు పెట్టె ఉంటుంది. మాటలను అక్క ఇస్తుంది, నియమాలను యంత్రం చూసుకుంటుంది. కాబట్టి జనం ఎక్కువగా వాడే మాటలేవో కార్యాలయంలో ఉన్న లెక్కల నుంచి తీసి, వరసగా అచ్చు వేయించి రికార్డింగు గదికి తీసుకెళ్లాను.

ఆ గది గోడల నిండా గుంటలు గుంటలుగా నురుగు పలకలు అతికించి ఉన్నాయి. చప్పుడు వస్తుందని ఫ్యాను ఆపేశారు. అద్దానికి అవతల కూర్చున్న ఇంజనీరు చిన్న వయసు అమ్మాయి. హెడ్‌ఫోన్లు చెవులకు లేనప్పుడు మెడలో వేలాడుతుంటాయి. అవి లేకుండా ఆమెను మేము చివరిదాకా చూడలేదు. మొదటి రోజే అక్క ఆమెకు చెవులమ్మాయి అని పేరు పెట్టేసింది.

"అక్కడ," అని చదివింది అక్క. "అడ్డం. అద్దం. అన్నం. అప్పుడు." కాసేపయ్యాక కాగితం దించి నావైపు చూసింది. "హాజరు వేస్తున్నట్టుందే. ఒక్కరూ 'ఉన్నానండీ' అనరేం?"

"చదవవే బాబూ. గంట దాటిపోతుంది."

మూడు ఉదయాలు అలా చదివింది. నాలుగో రోజు చెవులమ్మాయి ఆ మాటల్లోంచి ఒక వాక్యం కూర్చి వినిపించింది. 'ముందు అద్దం చూసి అప్పుడు కారు తియ్యి' అన్నది ఆ వాక్యం.

విన్నాం. ప్రతి మాటా అక్కదే. అందులో అనుమానం లేదు. కానీ విడిగా చెప్పిన మాట విడిగానే ముగిసిపోతుంది కదా. ప్రతి మాట చివరా ఆమె గొంతు దిగిపోయింది. ఒకే వాక్యం ఆరుసార్లు ఆగిపోయి, ఆరుసార్లు మళ్లీ మొదలైనట్టుంది. అద్దం ఎవరిదో, చూసేది ఎవరో, కారుకూ వాళ్లకూ సంబంధం ఏమిటో ఆ గొంతుకు పట్టలేదు.

ముందుగా అక్కే అంది. "గొంతు నాదేనే. మనిషి మాత్రం నేను కాదు. నన్ను ఉతికి, ఇస్త్రీ చేసి, మడతపెట్టి బీరువాలో పెట్టినట్టుంది."

"సాఫ్టువేరులో తప్పేం లేదు మేడమ్," అంది చెవులమ్మాయి బెరుగ్గా.

"నీ సాఫ్టువేరుని ఎవరన్నారమ్మా. మా చెల్లెలు వండింది నువ్వు వడ్డించావు." అని లేచింది. తలుపు దగ్గర ఆగి, నవ్వకుండా నాతో చెప్పింది. "ఒక్క మాట విను. ఆఖరికి ఇది ఇలాగే మాట్లాడేటట్టయితే నేను స్కూలు మూసేస్తాను. కోపగించుకోను, ఏడవను. కానీ ఈ గొంతుతో ఎవరికీ నేర్పను."

ఉత్త బెదిరింపు ఆమె నోట ఎప్పుడూ రాదు.

ఆ మధ్యాహ్నం తర్వాతి పాఠానికి నన్నూ కారు వెనక సీట్లో కూర్చోనిమ్మని అడిగాను. డాక్టరు గంట అన్నాడే గానీ, అక్క పాఠాలు పూర్తిగా మానలేదు. స్వరం తగ్గించి, రోజుకు ఒకరికి చెబుతోంది. ఆ రోజు నేర్చుకుంటున్నది ఒక దర్జీ అమ్మాయి. స్కూలు వెనకనున్న ఖాళీ రోడ్డు మీద కారు బయల్దేరింది.

"క్లచ్ తొక్కు. తొక్కావా? గేరు మార్చు. ఆఁ... ఇప్పుడు మెల్లగా వదులు. మెల్లగా. మెల్లగానమ్మా!"

కారు ఒక్క గెంతు గెంతి ఆగిపోయింది.

"కుట్టుమిషను కాదు తల్లీ ఇది, కాలు అలా టకటకా ఆడించడానికి."

"అలవాటైపోయింది మేడమ్."

"సరే, అలవాటే అనుకో. కుట్టేటప్పుడు సూదిని చూస్తావా, పక్కింటావిడని చూస్తావా?"

"సూదినే మేడమ్."

"మరి ఇందాకట్నుంచి ఆ బట్టల కొట్టుకేసి చూస్తావేం? ఆ బొమ్మకి తొడిగిన జాకెట్టు నచ్చిందా?"

"చేతులు సరిగ్గా కుట్టలేదు మేడమ్ దానికి."

"నువ్వు ముందు దాన్ని గుద్దకుండా వెళ్లు. చేతుల సంగతి తర్వాత చూద్దాం."

వెనక సీట్లో నేను ఒక్కొక్క మాటనూ అది వచ్చిన తోడుతో సహా వింటున్నాను. బ్రేకు వేస్తాం. క్లచ్ తొక్కుతాం. హారన్ కొడతాం. స్టీరింగు తిప్పుతాం. హారన్‌ను ఎవరూ వేయరు, గేరును ఎవరూ కొట్టరు. ఇలా ఉండాలని నా సన్నపాటి పుస్తకంలో ఏ నియమమూ లేదు. ప్రతి మాటా తన పక్కన ఎవరు నిలబడాలో తానే నిర్ణయించుకుని వచ్చింది. 'తొక్కు' ఎదుట 'క్రియ' అని రాసి, అచ్చుకు పంపి, నేను చేతులు దులుపుకున్నాను. ఉద్యోగి హోదా రాసి, ఆ ఉద్యోగి ఏం చేస్తాడో రాయనట్టు. తొక్కేవాళ్లూ తొక్కబడేదీ లేకుండా 'తొక్కు' నిలబడలేదు. 'ఇవ్వు' ముగ్గురిని అడుగుతుంది: ఇచ్చేవాళ్లు, ఇచ్చేది, పుచ్చుకునేవాళ్లు. 'నిద్రపో' ఒక్కరితో సరిపెట్టుకుంటుంది. నేను వ్యాకరణమనుకున్నదాంట్లో సగం మాటల ఇళ్లలోనే కాపురం ఉంటోంది.

ఇక 'మెల్లగానమ్మా' అన్నది ఉంది. దాన్ని ఆమె అప్పటికప్పుడు కూర్చలేదు. 'పోనీలే', 'ఏడ్చినట్టుంది', 'నీ మొహం' లాంటివి వచ్చినట్టే అది కూడా ఒకే ముద్దగా, మడతలతో సహా నోట్లోకి వచ్చింది. దాన్ని మాట అనాలా, వాక్యం అనాలా? రెండు పుస్తకాల మధ్య గోడ ఉందనుకున్న చోట నిజానికి ఒక పెద్ద గది ఉంది. మనిషి మాట్లాడే సామానులో చాలా భాగం ఆ గదిలోనే ఉంది.

నాకు సిగ్గు వేయలేదు. చేయవలసిన పని ఏమిటో కనిపించినప్పుడు కలిగే హుషారు కలిగింది.

మర్నాడు భోజనాల బల్ల దగ్గర ఈ సంగతి చెప్పాను. బావ స్కూలు ఆఫీసు చూసుకుంటాడు, కారు మరమ్మతులూ ఆయనే చేసుకుంటాడు. విడిపోయిన దేన్నయినా పట్టి చూసి, ఎక్కడ బిగించాలో చెప్పే మనిషి.

"ఇంత దూరం ఆలోచించక్కర్లేదు మరదలా," అన్నాడు. "మీ అక్క రోజూ అనే మాటలు నాకు కంఠతా వచ్చు. 'అద్దం చూడు.' 'క్లచ్ వదలకు.' 'బ్రేక్, బ్రేక్, బ్రేక్!' 'మీ ఇంట్లో కూడా తలుపు ఇలాగే బాదుతారా?' వీటినే ఉన్నవి ఉన్నట్టు రికార్డు చేసేద్దాం. ఒక్కోదానికి ఒక్కో బటను. నొక్కితే అచ్చం ఆవిడే. అతుకుల గొడవే ఉండదు."

ఆయన చెప్పింది నిజం. అతికించనిదానికి అతుకు కనిపించదు. మిగిలిన ఉదయాలన్నీ అందుకే వాడితే ఒక్క మాట కూడా చెడిపోదు.

"అవి కావాలి బావా," అన్నాను. "కానీ అవి మాత్రమే ఉంటే, అక్క నిన్నటిదాకా అన్నవే మళ్లీ అనగలదు. కొత్తది ఒక్కటీ అనలేదు."

"చాలదా? ఇన్నేళ్లుగా నేను వింటున్నవి అవేగా."

"అది మీ గొప్పదనం," అంది అక్క. "రోజూ అదే తప్పు చేస్తారు. కొత్త తిట్టు వెతుక్కోవాల్సిన పని నాకెప్పుడు పెట్టారు గనక?"

బావ నవ్వాడు గానీ పట్టు వదల్లేదు. "గొంతు ఇప్పటికే బొంగురుపోతోంది. ఉన్న నాలుగు రోజుల్లో అదీ ఇదీ అని సగం సగం చేస్తే రెండూ చెడతాయేమో చూసుకోండి. నేను చెప్పేది గ్యారంటీ. మీ చెల్లెలు చెప్పేది... ఏమో."

అక్క గోరువెచ్చని నీళ్లు కొంచెం కొంచెంగా తాగింది. మింగడం కష్టమవుతోందని మా ఇద్దరికీ తెలుసు. ఇద్దరం ఎటో చూస్తూ కూర్చున్నాం.

"ఆ దర్జీ అమ్మాయికి నేను చెప్పినవి," అంది చివరికి, "అంతకు ముందు ఎవరికీ చెప్పలేదు. ఆ పిల్ల కాలు చూశాక పుట్టాయి. రేపు కారెక్కేది ఎవరో నాకింకా తెలీదు. ఏం నిర్వాకం చేస్తారో కూడా తెలీదు. వాళ్లని తిట్టాలి నేను."

"అంటే?"

"అంటే మీ మరదలు చెప్పినట్టే చేద్దాం. బటన్లు కొన్ని ఉంచండి. ఎదర లారీ వస్తుంటే టైపు చేస్తూ కూర్చోలేను కదా."

బావ గ్లాసు తీసి లోపల పెట్టాడు. ఆయన ఒప్పుకోలు అలాగే ఉంటుంది.

మాటల వరసను పక్కన పడేశాను. అక్క నిజంగా వాడే క్రియలను తీసుకుని, ఒక్కొక్కదానికీ అది అడిగే మనుషులనూ వస్తువులనూ చేర్చి వాక్యాలు కట్టాను. చెప్పడం, అడగడం, ఆజ్ఞాపించడం, కాదనడం. అదే మాట వాక్యం మొదట్లో ఒకసారి, నడుమ ఒకసారి, చివర ఒకసారి. వాటిని గాలిలోకి చదవకూడదు, ఎవరికో ఒకరికి చెప్పాలి. అందుకని రికార్డింగును కారులోకి మార్చాం. అద్దాలు ఎత్తేస్తే నిలిపి ఉంచిన కారంత నిశ్శబ్దమైన గది ఉండదని చెవులమ్మాయి కూడా ఒప్పుకుంది. ఆమె ఒళ్లో యంత్రంతో వెనక కూర్చుంది. అక్క తన సీట్లో. స్టీరింగు ముందు నేను.

"కారు నేర్పుతాను రావే అని ఎన్నేళ్లు మొత్తుకున్నాను," అంది అక్క. "ఇప్పుడు, గొంతు పోయే ముందు, వచ్చి కూర్చున్నావు."

"మేడమ్, ఇది కూడా రికార్డు చేస్తున్నాను," అంది వెనక నుంచి చెవులమ్మాయి.

"చెయ్యి. పనికొస్తుంది."

ప్రతి క్రియకూ ఒక మనిషి కావాలి. కారు బయట బకెట్టుతో నిలబడ్డ బావ దొరికాడు.

"మీ బావ కారు తుడుస్తాడు," అంది అక్క. "మీ బావ కారు తుడిచాడా? మీ బావ కారు తుడవడు. తుడిచినా అద్దాలు తుడవడు. మీ బావ చేత అద్దాలు తుడిపించు. తుడిపించావా? వదిలెయ్, నేనే తుడుచుకుంటాను."

బావ అద్దం మీద వేలితో కొట్టాడు. "ఏమ్మా, భాషంతా నా మీదే నడిపిస్తారా? వీధిలో ఇంకెవరూ లేరా?"

అక్క అద్దం కొంచెం దించింది. "మీరైతే నోరు తిరుగుతుందండీ. మొహమాటం ఉండదు."

"మేడమ్, నవ్వితే వాక్యం పాడవుతుంది. మళ్లీ ఒక్కసారి."

"ఆయన గురించి నవ్వకుండా ఎలా చెప్పనమ్మా? నువ్వు చెప్పి చూపించు."

రెండో రోజుకే ఇంకో సంగతి తెలిసింది. నా నిఘంటువులో అర పంక్తి మాత్రమే దక్కే చిన్న చిన్న ముక్కలు ఉన్నాయి: లే, కదా, మరి, ఆఁ, ఊఁ, అబ్బే. అక్క మాటల్లో బరువంతా వాటి మీదే ఆగుతోంది. 'రా' అంటే పిలుపు. 'రావే' అంటే నేను. 'రామ్మా' అంటే దర్జీ అమ్మాయి. 'రండి మరి' అంటే ఆలస్యంగా వచ్చి సాకులు చెప్పే పెద్దమనిషి. అర్థం ఒకటే, ఎదుటి మనిషి మారాడు. ఎవరితో మాట్లాడుతున్నామన్నది మాట తోకలో ఉంది. ఆ తోకలన్నిటినీ వాక్యాలకు తగిలించి మళ్లీ చెప్పించాను.

గొంతు రోజురోజుకూ అరిగిపోయింది. ఒక ఉదయం 'వెళ్తావా' దగ్గర చీలిపోయింది. చెవులమ్మాయి మళ్లీ చెప్పమంది.

"ఉంచు," అంది అక్క. "ఒళ్లు మండినప్పుడు నా గొంతు అలాగే ఉంటుంది."

చివరి ఉదయం ఇంకా కొన్ని క్రియలు మిగిలాయి. నా కాగితం ఆమె తీసుకుని చూసింది. 'క్షమించు' అన్నచోట వేలు పెట్టి, "ఇదెందుకే? నాకెప్పుడూ అవసరం రాలేదు," అని దాటేసింది. దాని బదులు 'ఓర్నీ' ఎన్ని రకాలుగా అనవచ్చో అన్ని రకాలుగానూ అంది. తర్వాత కాగితం మడిచి నాకిచ్చింది.

"చాలు," అంది. "చెవులమ్మాయ్, టీ తాగుదాం పద."

స్వరానికి వీడ్కోలుగా ఒక వాక్యం ఏదైనా అంటుందని నేను ఎదురుచూశాను. అనలేదు. ఆపరేషన్ గదిలోకి వెళ్లే ముందు, సొంత గొంతుతో ఆమె చివరిసారి అన్నది నర్సుతోనట. చెప్పులు కుడీ ఎడమా మార్చి పెట్టారని చెప్పిందని బావ అన్నాడు.

ఆపరేషన్ సవ్యంగా జరిగింది. మెడ మానడానికి నెలలు పట్టింది. ఆ రోజుల్లో ఇంట్లో చప్పట్లు, బల్ల మీద గరిటె దెబ్బలు, కనుబొమ్మలు మాట్లాడాయి. చెవులమ్మాయి ఫోను తెచ్చి ఇచ్చిన రోజున బావ ముందుగా తన బటన్లు పరీక్షించాడు. "బ్రేక్, బ్రేక్, బ్రేక్!" అని వంటింట్లో అక్క గొంతు వినపడగానే ఆయన కుడికాలు నేలను గట్టిగా నొక్కింది. అక్క భుజాలు కదిలేలా నవ్వింది. ఆ నవ్వుకు చప్పుడు లేదు.

కానీ వారం దాటినా ఆమె బటన్లే వాడింది. కొత్త వాక్యం ఒక్కటీ టైపు చేయలేదు. అడిగితే చెయ్యి ఊపి పంపేసింది. ఇంట్లో కొత్తగా చెప్పవలసింది ఏమీ ఉండదని నాకు నేను సర్దిచెప్పుకున్నాను. అయినా రికార్డింగు గదిలో విన్న ఆ అతుకుల వాక్యం చెవిలో మెదిలేది. నా పద్ధతి మీద నాకు నమ్మకం ఉంది. దాన్ని ఇంతవరకు పరీక్షించలేదన్నదీ గుర్తుంది. కూర్చిన వాక్యం మళ్లీ ఆరు చోట్ల విరిగితే స్కూలు తలుపు మూసుకుంటుంది.

మొదటి పాఠానికి ఒక ఆఫీసరు గారు వచ్చారు. ఈ మధ్యే రిటైరయ్యారు. ఏదో కార్యాలయంలో కౌంటరు వెనక కూర్చుని, వచ్చినవాళ్లకు వాళ్ల పని ఎందుకు కాలేదో వివరించి పంపడం ఆయన ఉద్యోగమట. ముందురోజే బావ ఆయనకు అక్క సంగతి చెప్పాడు. నేనూ బావా వెనక కూర్చున్నాం. అక్క ఫోనును డాష్‌బోర్డు మీది స్పీకరుకు కలిపి, ఒళ్లో పెట్టుకుంది.

ఖాళీ రోడ్ల మీద బటన్లు సరిపోయాయి. అద్దం చూడు అంటే ఆయన చూశారు. మెల్లగా అంటే మెల్లగా వెళ్లారు. అక్క ఆయనను పెద్ద రోడ్డు మీదికి తీసుకెళ్లింది. కూడలి దగ్గర ఎర్రదీపం పడితే ఆగాం. పచ్చదీపం వచ్చింది. ఆయన క్లచ్ ఒక్కసారిగా వదిలేశారు. కారు ఒక ఊపు ఊగి ఆగిపోయింది.

వెనక కారు హారన్ కొట్టింది. దాని వెనకది కూడా కొట్టింది. అక్క "క్లచ్ తొక్కు" బటను నొక్కింది. ఆయన వినలేదు. ఆయన మొహంలోకి ఎంతో పాత మర్యాద ఒకటి వచ్చింది. జాగ్రత్తగా హ్యాండ్‌బ్రేకు వేశారు. తలుపు తీశారు. దిగారు. చొక్కా సర్దుకుని, వెనక కారు దగ్గరికి నడిచి, దాని కిటికీ మీదికి వంగి, జరిగిన ఆలస్యానికి కారణాలను మొదట్నుంచీ వివరించడం మొదలుపెట్టారు.

బావా నేనూ వెనక అద్దంలోంచి చూస్తూ ఉండిపోయాం. "దీనికి బటను లేదు," అన్నాడు బావ.

అక్క అద్దం దించింది. స్పీకరు తీసి చేత్తో బయటికి పట్టుకుంది. రెండో చేతి బొటనవేలు ఫోను మీద చకచకా కదిలింది.

"ఆఫీసరు గారూ! వాళ్లు మిమ్మల్ని సంజాయిషీ అడగట్లేదండీ. దారి అడుగుతున్నారు. వచ్చి కూర్చోండి మరి!"

రోడ్డంతా వినబడింది. 'గారూ' దగ్గర సాగింది. 'అడగట్లేదండీ' పైకి లేచి, అక్కడ ఒక్క క్షణం నిలబడి, 'దారి' మీద ఎత్తిపొడిచింది. 'కూర్చోండి మరి' దగ్గర దిగింది. దిగవలసిన చోట, ఒక్కసారే దిగింది. 'సంజాయిషీ' మాత్రం కొంచెం గరుకుగా వచ్చింది. ఆ మాట మేము రికార్డు చేయలేదు. శబ్దాలు ఏరుకుని యంత్రమే దాన్ని పోత పోసింది. కానీ అటూ ఇటూ ఉన్న మాటలు దాన్ని చెరో చెయ్యి పట్టుకుని నడిపించేశాయి. పక్క వరసలో స్కూటరు మీదున్న ఇద్దరు పకపకా నవ్వారు.

ఆఫీసరు గారు పరుగులాంటి నడకతో వచ్చారు. "వస్తున్నానండీ, వస్తున్నా. ఆయన కూడా అదే అంటున్నారు."

బావ నా వైపు వంగాడు. "ఇది ఎప్పుడు చెప్పించాం?"

"చెప్పించలేదు బావా."

"మొత్తం వాక్యం?"

"మొత్తం. ఇప్పుడే పుట్టింది."

ఆయన ముందు సీటు మీద చెయ్యి వేసి, అక్క భుజాన్ని ఒక్కసారి తట్టి తీసేశాడు. అక్క వెనక్కి తిరగలేదు. చెవి కొంచెం ఎర్రబడింది.

ఆఫీసరు గారు బెల్టు పెట్టుకుని, హ్యాండ్‌బ్రేకు తీసి, కారు స్టార్టు చేశారు. క్లచ్ తొక్కారు. గేరు మార్చారు. కారు నాలుగు బారలు కదిలేసరికి దీపం మళ్లీ ఎర్రగా మారింది. ఈసారి చక్కగా ఆపారు. ఆపి, అక్క వైపు తిరిగి, నొచ్చుకుంటూ అడిగారు.

"అయితే మేడమ్, మన వల్ల ఇబ్బంది పడ్డవాళ్లకి కారణం చెప్పుకోవడం తప్పా?"

అక్క ఆయన వైపు కాసేపు చూసింది. తర్వాత ఫోను చేతిలోకి తీసుకుని టైపు చేయసాగింది. ఈసారి త్వరపడలేదు. ఒక మాట చెరిపి మరో మాట పెట్టింది. పెదవి చివర నవ్వు లాంటిది ఉంది. నేను కొంచెం ముందుకు వంగితే ఆ తెర మీది అక్షరాలు కనిపిస్తాయి. వంగబోయి ఆగాను. రికార్డింగు కోసం ఆమె పలికిన వాక్యాలన్నీ ముందు నా చేతుల మీదుగా వెళ్లాయి. ఇప్పుడు ఆమె ఏమనబోతోందో నాకు తెలియదు. వెనక్కి జారగిలబడి, ఆఫీసరు గారితో పాటు నేనూ వినడానికి సిద్ధంగా కూర్చున్నాను.